విజ్ఞాన సర్వస్వంలో ఒక మహిళా ఫుట్‌బాల్ లీగు: నేను చదివిన తీరు, చదవవలసిన తీరు



ఉపకార వేతనం దరఖాస్తుతో పాటు మన ట్రస్టు ప్రతి ఏటా తెలుగులో ఒక వ్యాసం రాయించడం మీకు తెలిసినదే. మన పిల్లల్లో కొందరు ఒడియాలో, కొందరు తమిళంలో, కన్నడంలో, మరాఠీలో, ఎక్కువమంది ఇంగ్లీషులో చదువుకుంటున్నారు. ఇంటి భాషలో రెండు మూడు పేజీలు సొంతంగా రాయగలిగితే ఆ భాష వాళ్ళ దగ్గర నిలుస్తుందని పెద్దల ఉద్దేశం. ఆ వ్యాసాలు దిద్దే పని కొన్నేళ్ళుగా నాకు అప్పగించారు. నేను బరంపురంలో హైస్కూలు ఉపాధ్యాయుడిగా పనిచేసి రిటైరైనవాణ్ణి. ముప్పై ఏళ్ళకు పైగా ఎర్ర సిరాతో దిద్దిన చెయ్యి కనుక నేను వేసిన మార్కుల మీద నాకు నమ్మకం ఎక్కువ. 2023లో ఆ నమ్మకానికి దెబ్బ తగిలింది. అది ఎలా తగిలిందో చెబితే, ఇంటర్నెట్‌లో విజ్ఞాన సర్వస్వం చూసి వ్యాసాలు రాసే పిల్లలకూ, అదే చూసి పిల్లల మాటను కొట్టిపారేసే నాలాంటి పెద్దలకూ పనికొస్తుందని ఇది రాస్తున్నాను.

అసలు జరిగింది

ఆ ఏడాది వ్యాసానికి ఇచ్చిన విషయం ‘నేను ఎంచుకోదలచిన వృత్తి’. వచ్చినవాటిలో ఎక్కువ భాగం ఇంజనీరు, డాక్టరు, బ్యాంకు ఉద్యోగం, కలెక్టరు. ప్లస్ టూ పూర్తిచేసిన మా ఊరి అమ్మాయి ఒకతె మాత్రం ఫుట్‌బాల్ గురించి రాసింది. 2022 అక్టోబరు 11న భువనేశ్వర్ కళింగ స్టేడియంలో పదిహేడేళ్ళ లోపు బాలికల ప్రపంచ కప్పు పోటీలో భారత్, అమెరికా జట్లు తలపడ్డాయి. బడి జట్టులో ఆడే ఈ అమ్మాయి స్నేహితురాళ్ళతో కలిసి రైల్లో వెళ్ళి ఆ ఆట చూసి వచ్చిందట. మన పిల్లలు 8-0 తేడాతో ఓడిపోయారు. ఆ ఓటమిని వర్ణించి ఆమె ఇలా ముగించింది: ‘వాళ్ళు మనకంటే బలమైనవాళ్ళు కాబట్టి గెలిచారని అందరూ అన్నారు. నాకు మాత్రం వేరే ఆలోచన వచ్చింది. ఆ పిల్లలకు పెద్దయ్యాక వెళ్ళడానికి ఒక చోటు ఉంది. అమెరికాలో మహిళల ప్రొఫెషనల్ సాకర్ లీగు ఉంది. అందులో ఆడేవారికి జీతాలు ఇస్తారు.’

ఈ మాట నిజమా అని నాకు అనుమానం వచ్చింది. కంప్యూటర్ ముందు కూర్చుని ఆమె రాసిన పేరునే ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టాను. ‘విమెన్స్ ప్రొఫెషనల్ సాకర్’. అచ్చంగా అదే పేరుతో ఒక పేజీ తెరుచుకుంది. మొదటి వాక్యంలోనే ఆ లీగు గురించి భూతకాలంలో రాసి ఉంది. 2009లో ఆటలు మొదలయ్యాయి, 2012లో మూతపడింది. నాకు ఇంకేమీ చదవాలనిపించలేదు. వ్యాసం పక్కన ‘తప్పు సమాచారం. ఈ లీగు 2012లోనే మూతపడింది. రాసే ముందు సరిచూసుకోవలెను’ అని రాసి, పాతిక మార్కుల్లో ఆరు తగ్గించాను. మూడు మార్కుల తేడాతో ఆ అమ్మాయి పేరు జాబితాలోకి రాలేదు.

దిద్దిన వ్యాసాలను తిరిగి ఇచ్చేయడం మన పద్ధతి. వారం తిరక్కుండా ఆ అమ్మాయి, వాళ్ళ అమ్మ కలిసి మా ఇంటికి వచ్చారు. తల్లి పెద్దగా చదువుకున్నది కాదు. ఆమె ఆ కాగితం నా చేతికిచ్చి, ‘మాస్టారూ, మా పిల్ల అబద్ధం రాయలేదంటండి. మీరు చూసింది వేరే లీగంట. ఒక్కసారి మళ్ళీ చూడండి’ అంది. అమ్మాయి నా ఎదుటే ఫోన్‌లో ఆ పేజీ తెరిచి, ‘మూడున్నాయి మాస్టారూ, ఒకదాని తర్వాత ఒకటి. మీరు చూసింది మధ్యది’ అంది.

వాళ్ళు వెళ్ళిన తర్వాత ఆ సాయంత్రం మూడు పేజీలూ మొదటినుంచి చివరిదాకా చదివాను. ఆ అమ్మాయి చెప్పిందే నిజం.

పేరు దగ్గరే మొదటి పొరపాటు

ముందుగా ఒక చిన్న మాట. మనం ఫుట్‌బాల్ అనే ఆటనే అమెరికావారు సాకర్ అంటారు. అక్కడ ఫుట్‌బాల్ అంటే చేత్తో బంతి పట్టుకుని పరుగెత్తే వేరే ఆట.

ఇక పేరు సంగతి. ఇంగ్లీషులో ‘విమెన్స్ ప్రొఫెషనల్ సాకర్’ అనే మూడు మాటలనూ చిన్న అక్షరాలతో రాస్తే ‘మహిళలు జీతం తీసుకుని ఆడే సాకర్’ అని మామూలు అర్థం. అవే మాటలను పెద్ద అక్షరాలతో మొదలుపెట్టి రాస్తే ఒక ప్రత్యేకమైన సంస్థ పేరు. అది 2009 నుంచి 2011 వరకు ఆటలు నడిపిన లీగు. మన తెలుగు లిపిలో పెద్ద అక్షరాలు, చిన్న అక్షరాలు అనే తేడా లేదు. అందుకే తెలుగులో రాసినప్పుడు సామాన్య నామమేదో, సంజ్ఞా నామమేదో చూపు మాత్రాన తెలియదు. ఆ అమ్మాయి మామూలు అర్థంలో రాసింది. నేను సంస్థ పేరుగా చదివాను. చిన్నప్పుడు వ్యాకరణంలో నేర్చుకున్నదే, పిల్లలకు నేర్పినదే, అవసరమైన వేళ నాకు గుర్తు రాలేదు.

ఒకే పేరుకు చాలా అర్థాలు ఉంటాయని విజ్ఞాన సర్వస్వం నడిపేవారికి తెలుసు. అందుకని కొన్ని పేజీల పైభాగంలో ‘ఇది ఫలానా విషయం గురించిన వ్యాసం, వేరే అర్థానికి ఫలానా చోట చూడండి’ అని ఒక గీటు రాస్తారు. తెలుగు వికీపీడియాలో ఇలాంటి పేజీలకు ‘అయోమయ నివృత్తి’ అని చక్కని పేరు పెట్టుకున్నారు. పిల్లలూ, ఏ పేజీ తెరిచినా ముందు ఈ ప్రశ్న వేసుకోండి: నేను వెదుకుతున్నది ఇదేనా, లేక ఇదే పేరున్న మరొకటా?

మూడు లీగుల కథ

ఇప్పుడు ఆ మూడు పేజీల్లో ఉన్న సారాంశం చెబుతాను. దీన్ని ఒక వరుసలో చదివితేనే అర్థమవుతుంది.

1999లో మహిళల ప్రపంచ కప్పు అమెరికాలో జరిగింది. జులై 10న కాలిఫోర్నియాలోని పాసడీనా నగరంలో, రోజ్ బౌల్ అనే మైదానంలో జరిగిన ఫైనల్‌కు 90,185 మంది ప్రేక్షకులు వచ్చారు. అమెరికా జట్టు చైనాను పెనాల్టీ కిక్కులలో ఓడించింది. ఇంతమంది చూసే ఆటకు ఏడాది పొడుగునా నడిచే లీగు ఎందుకు ఉండకూడదనే ఆలోచన దానితో బలపడింది.

మొదటిది విమెన్స్ యునైటెడ్ సాకర్ అసోసియేషన్. 2000లో ఏర్పడి, 2001 ఏప్రిల్‌లో ఎనిమిది జట్లతో ఆటలు మొదలుపెట్టింది. ఆడేవారందరికీ జీతాలిచ్చిన తొలి మహిళా లీగుగా దానికి పేరు. వాషింగ్టన్‌లో జరిగిన ప్రారంభ ఆటకు 34,148 మంది వచ్చారు. కాని ఆ జనం నిలవలేదు. టీవీ ఆదాయం, ప్రకటనల ఆదాయం అనుకున్నంత రాలేదు. ఖర్చు మాత్రం మొదటి ఏడాదే అంచనాలను దాటిపోయింది. మూడేళ్ళలో దాదాపు 10 కోట్ల డాలర్ల నష్టం వచ్చింది. 2003 సెప్టెంబరు 15న లీగును ఆపేశారు. అప్పటికి తర్వాతి ప్రపంచ కప్పు ఇంకా అయిదు రోజుల్లో మొదలుకాబోతున్నది.

రెండవది నేను చూసిన విమెన్స్ ప్రొఫెషనల్ సాకర్. 2009 మార్చి 29న లాస్ ఏంజిలస్ దగ్గర కార్సన్‌లో 14,832 మంది సమక్షంలో మొదలైంది. ముందు లీగు అనుభవంతో ఈసారి ఖర్చు తగ్గించుకోవాలనుకున్నారు. మొత్తం ఏడు జట్లు. తొలి ఏడాది లీగు దశలో అగ్రస్థానంలో నిలిచిన లాస్ ఏంజిలస్ సోల్ జట్టు 2010 జనవరిలోనే మూతపడింది. సెయింట్ లూయిస్ జట్టు 2010 మే నెలలో, ఆటలు నడుస్తుండగానే ఆగిపోయింది. ఆ ఏడాది విజేత ఎఫ్‌సీ గోల్డ్ ప్రైడ్ గెలిచిన కొద్ది వారాలకే నవంబరులో మూతపడింది. 2011లో ఆరు జట్లు మిగిలాయి. ఆ ఏడాది చివర ఒక జట్టును లీగు నుంచి తొలగించడం, దాని యజమాని కోర్టుకు వెళ్ళడం జరిగాయి. 2012 జనవరిలో ఆ ఏడాది ఆటలను రద్దు చేశారు. మే 18న లీగునే ఎత్తేశారు.

మూడవది నేషనల్ విమెన్స్ సాకర్ లీగు. 2012 నవంబరులో ప్రకటించారు. 2013 ఏప్రిల్‌లో ఎనిమిది జట్లతో ఆటలు మొదలయ్యాయి. ఈసారి ఒక కొత్త పద్ధతి పెట్టారు. అమెరికా, కెనడా, మెక్సికో దేశాల ఫుట్‌బాల్ సమాఖ్యలు తమ తమ జాతీయ జట్ల ఆటగత్తెల జీతాలను తామే భరించాయి. దానితో జట్ల యజమానుల మీద భారం తగ్గింది. ముందు రెండు లీగులూ మూడేసి సీజన్లతో ఆగిపోగా ఇది నిలిచింది. 2023లో, అంటే ఆ అమ్మాయి వ్యాసం రాసిన ఏడాది, ఇందులో 12 జట్లు ఆడాయి. 2024లో 14 అయ్యాయి.

కాబట్టి ‘అమెరికాలో మహిళల ప్రొఫెషనల్ సాకర్ లీగు ఉంది’ అన్న వాక్యంలో తప్పు లేదు. తప్పని రాసిన నా వాక్యంలోనే తప్పు ఉంది.

భూతకాలం చెప్పేదెంత?

మూతపడిన సంస్థను గురించి భూతకాలంలో, నడుస్తున్న సంస్థను గురించి వర్తమానంలో రాయడం విజ్ఞాన సర్వస్వం పద్ధతి. అది సబబే. అయితే ఆ భూతకాలం ఆ ఒక్క సంస్థకే వర్తిస్తుంది. ఆ ఆటకు, ఆ మనుషులకు, ఆ జట్లకు వర్తించాలని లేదు.

ఉదాహరణకు ఆ మధ్య లీగులో మొదటి ఏడాది, అంటే 2009లో, విజేతగా నిలిచిన జట్టు స్కై బ్లూ ఎఫ్‌సీ. లీగు పోయినా జట్టు పోలేదు. మూడవ లీగులో చేరింది. 2021లో పేరు మార్చుకుని గోథమ్ ఎఫ్‌సీ అయింది. 2023 నవంబరులో మూడవ లీగు విజేత ఆ జట్టే. బోస్టన్ బ్రేకర్స్ అనే పేరు మూడు లీగుల్లోనూ కనిపిస్తుంది. ఆ జట్టు 2018 జనవరిలో మూతపడింది. ఏ లీగులోని బోస్టన్ బ్రేకర్స్ గురించి మాట్లాడుతున్నామో సంవత్సరం చెప్పకపోతే వినేవారికి తెలియదు.

మనుషుల సంగతి చూడండి. బ్రెజిల్ దేశపు మార్తా ప్రపంచంలోని గొప్ప క్రీడాకారిణుల్లో ఒకరు. ఆ మధ్య లీగు నడిచిన మూడేళ్ళలో ఆమె మూడు జట్లకు ఆడింది. 2009లో లాస్ ఏంజిలస్, 2010లో గోల్డ్ ప్రైడ్, 2011లో వెస్టర్న్ న్యూయార్క్ ఫ్లాష్. మొదటి రెండు జట్లూ ఆమె ఉండగానే మూతపడ్డాయి. ఆమె ఆటలో లోటేమీ లేదు, లోటంతా ఖాతాల్లోనే. లీగు పేజీలో ఇది మూడు వేర్వేరు చోట్ల, మూడు చిన్న వాక్యాలుగా ఉంటుంది. ఆమె పేజీలో అదే ఒక మనిషి జీవితంలా కనిపిస్తుంది. అందుకే ఒక విషయానికి ఒకే పేజీ చదివి ఊరుకోకూడదు. సంస్థ పేజీతో పాటు అందులో పనిచేసిన ఒకరిద్దరి పేజీలు కూడా చదవాలి.

ఉపకార వేతనానికీ ఈ ఆటకూ సంబంధం

మన పత్రికలో దీన్ని రాయడానికి ఇంకొక కారణం ఉంది. ఆ లీగు పేజీల్లో నీలం రంగు అక్షరాలను నొక్కుతూ వెనక్కి వెళ్తే కళాశాలలు కనిపిస్తాయి.

అమెరికాలో 1972లో ఒక చట్టం వచ్చింది. దాన్ని టైటిల్ నైన్ అంటారు. కేంద్ర ప్రభుత్వ నిధులు అందుకునే విద్యా కార్యక్రమాల్లో స్త్రీ పురుష వివక్ష చూపరాదని దాని సారాంశం. చట్టం ఆటల కోసమే వచ్చింది కాదు. కాని దాని ఫలితంగా కళాశాలలు ఆడపిల్లల జట్లను ఏర్పాటు చేయవలసి వచ్చింది. ఆటల ఉపకార వేతనాలు కూడా వాళ్ళకు దక్కాయి. 1982లో కళాశాలల జాతీయ క్రీడా సంఘం మొదటిసారి మహిళల సాకర్ పోటీ నిర్వహించింది. నార్త్ కెరొలైనా విశ్వవిద్యాలయం గెలిచింది. ఆ తరువాత పదిహేడేళ్ళకు రోజ్ బౌల్‌లో గెలిచిన జట్టు ఆ కళాశాలల మైదానాల్లో తయారైనదే. మూడవ లీగు కూడా 2024 వరకు ఏటా కళాశాలల్లో ఆడినవారిని వరుస క్రమంలో ఎంపిక చేసుకునేది. 2024 ఆగస్టులో ఆటగత్తెల సంఘంతో కుదిరిన ఒప్పందంతో ఆ పద్ధతి తీసేశారు.

అంటే కళింగ స్టేడియంలో మా ఊరి అమ్మాయి చూసిన ఆ 8-0 వెనుక యాభై ఏళ్ళ నాటి ఒక చట్టం, వేలాది ఉపకార వేతనాలు, రెండు మూతపడిన లీగులు, ఒక నిలిచిన లీగు ఉన్నాయి. ఆమె వ్యాసంలో ఇదంతా లేదు. కాని ‘ఆ పిల్లలకు వెళ్ళడానికి ఒక చోటు ఉంది’ అన్న ఒక్క మాటతో అసలు విషయం పట్టుకుంది.

తల్లిదండ్రులు అడిగే ప్రశ్న

‘ఆట అన్నం పెడుతుందా?’ అని మీరు అడుగుతారు. అడగవలసిన ప్రశ్నే. దానికి కూడా జవాబు ఆ పేజీల్లో ఉంది, కాని మొదటి వాక్యంలో ఉండదు.

మూడవ లీగు 2013లో మొదలైనప్పుడు కనీస జీతం ఒక సీజనుకు 6,000 డాలర్లు. అమెరికాలో అది ఇంటి అద్దెకు కూడా చాలదు. చాలామంది ఇంకో పని చేసుకుంటూ ఆడారు. ఆటగత్తెల సంఘం పోరాడి 2022లో కుదుర్చుకున్న మొదటి ఒప్పందంతో కనీస జీతం 35,000 డాలర్లకు పెరిగింది. 2024 నాటి ఒప్పందం ప్రకారం అది 2030 నాటికి 82,500 డాలర్లకు చేరాలి. జీతాలు దయతో పెరగలేదు, సంఘంగా ఏర్పడి అడిగితే పెరిగాయి.

మరొక సంగతి కూడా దాచకూడదు. కొందరు శిక్షకులు ఆటగత్తెలను వేధించారనే ఫిర్యాదులు 2021లో బయటపడ్డాయి. లీగు అధినేత రాజీనామా చేశారు. ఆటలు కొన్ని వాయిదా పడ్డాయి. అమెరికా ఫుట్‌బాల్ సమాఖ్య కోరిక మీద మాజీ ప్రభుత్వ న్యాయాధికారి శాలీ యేట్స్ విచారణ జరిపి 2022 అక్టోబరులో నివేదిక ఇచ్చారు. వేధింపులు ఒకరిద్దరి తప్పు కాదని, వ్యవస్థలోనే పాతుకుపోయాయని అందులో తేల్చారు. విజ్ఞాన సర్వస్వం ఒక సంస్థను పొగడదు, తిట్టదు. విజయాన్నీ, కుంభకోణాన్నీ ఒకే గొంతుతో చెబుతుంది. ఆ చప్పటి గొంతు వినడం మనం అలవాటు చేసుకోవాలి. పిల్లను ఆటకు పంపే తల్లి జీతం ఎంతో ఎలా చూస్తుందో, ఫిర్యాదు ఎవరికి చేయాలో కూడా అలాగే చూడాలి. ఈ మాట అమెరికాకే కాదు, మన పక్క వీధి మైదానానికీ వర్తిస్తుంది.

పేజీ చదివేటప్పుడు పాటించవలసినవి

ఈ అనుభవం తర్వాత నేను పాటిస్తున్న పద్ధతి ఇది. పిల్లలు తమ పుస్తకంలో రాసి పెట్టుకుంటే మంచిది.

ఒకటి, పేరు. మీరు వెదికిన పేరు, పేజీలో ఉన్న పేరు ఒకటేనా చూసుకోండి. తెలుగులో రాసేటప్పుడు సంస్థ పేరైతే కొటేషన్ గుర్తుల్లో పెట్టి, పక్కన సంవత్సరాలు రాయండి. లిపిలో లేని తేడాను మనమే చూపాలి.

రెండు, ప్రవేశిక. పేజీ మొదట్లో ఉండే రెండు మూడు పేరాలను ప్రవేశిక అంటారు. మొత్తం వ్యాసం సారాంశం అందులో ఉండాలి. నాలాగా మొదటి వాక్యంతో ఆగిపోకండి. చివరి పేరాలో ‘దీని స్థానంలో ఏది వచ్చింది’ అనేది తరచుగా ఉంటుంది.

మూడు, పక్కనుండే సమాచార పెట్టె. స్థాపించిన ఏడాది, ముగిసిన ఏడాది, జట్ల సంఖ్య వంటివి అందులో ఉంటాయి. తొందరగా చూడడానికి బాగుంటుంది గాని, ఎందుకు ముగిసిందో పెట్టెలో ఉండదు. దానికి ‘చరిత్ర’ విభాగం చదవవలసిందే.

నాలుగు, మూలాలు. వాక్యం చివర ఉండే చిన్న అంకెను నొక్కితే ఆ సంగతి ఏ పత్రికలో, ఏ పుస్తకంలో వచ్చిందో తెలుస్తుంది. మీ వ్యాసానికి ప్రాణం అక్కడే ఉంది. అంకె లేని వాక్యాన్ని వాడే ముందు ఇంకొక చోట సరిచూసుకోండి.

అయిదు, తేదీ. ఎవరైనా సరిదిద్దగలిగిన పేజీ కనుక నిన్న ఉన్నది నేడు మారవచ్చు. పేజీ చరిత్రలో పాత కూర్పులన్నీ భద్రంగా ఉంటాయి. మీరు చదివిన కూర్పుకు ‘శాశ్వత లింకు’ తీసుకోండి. ఏ రోజు చూశారో రాయండి. ‘12 జట్లు’ అనకుండా ‘2023లో 12 జట్లు’ అంటే ఆ వాక్యం ఎప్పటికీ తప్పు కాదు.

ఆరు, మీ సొంత మాట. పేజీని తెచ్చి అతికించకండి. మూసి, గుర్తున్నది రాసి, మళ్ళీ తెరిచి సరిచూసుకోండి.

రాయనిదంతా జరగనిది కాదు

ఈ విజ్ఞాన సర్వస్వానికి ఒక నియమం ఉంది. ఎక్కడో ఒకచోట నమ్మదగిన ప్రచురణలో వచ్చిన సంగతినే అక్కడ రాయాలి. సొంత పరిశోధన పెట్టకూడదు. నియమం మంచిదే. కాని దాని వల్ల పత్రికలు పట్టించుకోనివారి కథ అక్కడికి చేరదు. ఆడపిల్లల ఆటలకు పత్రికలో చోటు తక్కువ. అందుకే విజ్ఞాన సర్వస్వంలోనూ చోటు తక్కువ.

మన దేశంలో మహిళల జాతీయ లీగు, ఇండియన్ విమెన్స్ లీగు, 2016-17లో మొదలైంది. మొదటి విజేత మణిపూర్‌కు చెందిన ఈస్టర్న్ స్పోర్టింగ్ యూనియన్. 2018-19లో తమిళనాడుకు చెందిన సేతు ఎఫ్‌సీ, 2023-24లో ఒడిశా ఎఫ్‌సీ గెలిచాయి. మనం ఉంటున్న రాష్ట్రాలే. నిజామాబాద్ జిల్లాలో పుట్టిన గుగులోత్ సౌమ్య భారత జట్టుకు ఆడుతూ క్రొయేషియా దేశంలోని జట్టుకు కూడా ఆడి వచ్చింది. ఈ పేర్లు మన ఇళ్ళలో ఎంతమందికి తెలుసు? తెలుగు వికీపీడియా 2003 డిసెంబరు నుంచి ఉంది. మూలాలు సేకరించి, ఈ లీగు గురించి, ఈ జట్ల గురించి తెలుగులో నాలుగు పేరాలు చేర్చగల పిల్లలు మనలో ఉన్నారు. ఇది కూడా ఒక సెలవుల పనిగా పెట్టుకోండి.

తరువాత ఏమైందంటే

నా పొరపాటును కమిటీ ముందు రాతపూర్వకంగా ఒప్పుకున్నాను. తగ్గించిన ఆరు మార్కులు తిరిగి కలిపారు. రెండవ విడతలో ఆ అమ్మాయికి ఉపకార వేతనం మంజూరైంది. అయితే అప్పటికే కళాశాల ఫీజు గడువు దాటకూడదని వాళ్ళ అమ్మ చెవి కమ్మలు తాకట్టు పెట్టిందని తర్వాత తెలిసింది. మొదటి వాక్యం దగ్గరే ఆగిపోయింది నేను, వడ్డీ కట్టింది ఆమె. ఆ సంగతి ఇప్పటికీ నన్ను బాధిస్తుంది.

అప్పటి నుంచి కమిటీలో ఒక నియమం పెట్టుకున్నాం. ‘తప్పు సమాచారం’ అని మార్కులు తగ్గించేవారు, తాము ఎక్కడ, ఏ తేదీన చూశారో పక్కన రాయాలి. పిల్లలను మూలాలు అడిగే మనం మన మూలాలు కూడా చూపాలి కదా. దిద్దిన దాని మీద అభ్యంతరం ఉంటే చెప్పడానికి పది రోజుల గడువు కూడా ఇస్తున్నాం. తల్లిదండ్రులు మొహమాటపడకుండా రండి. ఆ రోజు ఆ తల్లి మొహమాటపడి ఉంటే నా తప్పు నాకు తెలిసేది కాదు.

ఆ అమ్మాయి రేపు ఏ లీగులో ఆడుతుందో, అసలు ఆడుతుందో లేదో నేను చెప్పలేను. ఇప్పుడు డిగ్రీ చదువుతూ సాయంత్రాలు కళాశాల మైదానంలో ఆడుతున్నది. ఈ ఏడాది వ్యాసాలు రాయబోయే పిల్లలందరూ పేరు, తేదీ, మూలం మూడూ సరిచూసుకుని ధైర్యంగా రాయండి. దిద్దేవాళ్ళం మేమూ చివరిదాకా చదువుతాం.